కళాశాలలో విద్యార్థులే నడిపే కాఫీహౌస్: అనుమతి నుంచి తాళాల అప్పగింత దాకా

కళాశాల ఆవరణలో సొంతంగా కాఫీహౌస్ నడపాలనుకునే విద్యార్థులు ముందుగా అడిగేది మెషిన్ గురించే. ఏది కొనాలి, ఎంతవుతుంది అని. నిజానికి ఆ ప్రశ్న ఆఖరున రావాలి. ఇలాంటి చోట్లు కాఫీ బాగోక మూతపడటం తక్కువ. పరీక్షల వారంలో షిఫ్టుకు మనిషి దొరకడు. లెక్కలన్నీ ఒకరి ఫోనులోనే ఉంటాయి, ఆ ఒకరు చదువు ముగించుకుని వెళ్లిపోతారు. మూతపడేది అక్కడే.

అందుకే ఈ మార్గదర్శిలో మనుషులకూ లెక్కలకూ ఎక్కువ చోటిచ్చాను. కాఫీ తయారీని కూడా వివరంగానే చెప్పాను, ఎందుకంటే నీళ్ల కాఫీ పోస్తే మీ ఆశయాన్ని చూసి ఎవరూ రెండోసారి రారు. లెక్క కోసం ఒక మధ్యస్థ కళాశాలను, రోజుకు 100 కప్పుల ఫిల్టర్ కాఫీని ఊహించుకుందాం.

1. ఎవరి పేరున నడుస్తుందో ముందు తేల్చుకోండి

రిజిస్ట్రేషన్, బ్యాంకు ఖాతా, క్యూఆర్ కోడ్, గదితాళం: ఈ నాలుగూ ఏ విద్యార్థి సొంత పేరునా ఉండకూడదు. కళాశాల గుర్తించిన విద్యార్థి సంఘం పేరునో, కళాశాల పేరునో ఉండాలి. ఆఖరి సంవత్సరం విద్యార్థి ఉత్సాహంగా తన ఆధార్, తన ఖాతా ఇచ్చేస్తాడు. ఏడాది తిరిగేసరికి అతను వేరే ఊళ్లో ఉద్యోగంలో ఉంటాడు, ఇక్కడ డబ్బు తీయడానికి దారి ఉండదు.

ప్రిన్సిపాల్ దగ్గరకు నోటిమాటతో వెళ్లకండి. రెండు పేజీల ప్రతిపాదన రాయండి. చోటు, వేళలు, అమ్మే పదార్థాలు, మొదటి పెట్టుబడి, నష్టం వస్తే ఎవరు భరిస్తారు, బాధ్యత తీసుకునే అధ్యాపకులు ఎవరు అన్నవి అందులో ఉండాలి. నష్టం గురించి మీరే ముందుగా రాస్తే అనుమతి తొందరగా వస్తుంది. యాజమాన్యం మనసులో ఉన్న ప్రశ్న అదే.

ఇప్పటికే క్యాంటీన్ ఉంటే దాని ఒప్పందాన్ని చూడనివ్వమని అడగండి. ఆవరణలో మరెవరూ తినుబండారాలు అమ్మకూడదన్న షరతు ఉండవచ్చు. ఉంటే క్యాంటీన్ నడిపేవారితోనే మాట్లాడి, వారు అమ్మని ఫిల్టర్ కాఫీకి పరిమితమవుతామని రాతపూర్వకంగా ఒప్పుకోవడం మంచిది. వారితో వైరం పెట్టుకుని నెగ్గుకురావడం కష్టం, అవసరం కూడా లేదు.

ఆహార భద్రత సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ దగ్గర నమోదు తప్పనిసరి. ఆ సంస్థ ఆన్‌లైన్ పోర్టల్ ఫాస్కాస్‌లో దరఖాస్తు చేయాలి. చిన్న వ్యాపారాలకు పూర్తి లైసెన్సు అక్కర్లేదు, రిజిస్ట్రేషన్ చాలు. టర్నోవర్ పరిమితి, రుసుము దరఖాస్తు చేసే రోజున పోర్టల్‌లోనే చూసుకోండి. వచ్చిన 14 అంకెల సంఖ్యను కౌంటరు దగ్గర అందరికీ కనిపించేలా పెట్టండి.

మొదలుపెట్టే ముందు చేతిలో ఉండాల్సినవి:

☐ ప్రిన్సిపాల్ సంతకం ఉన్న అనుమతి పత్రం
☐ బాధ్యుడైన అధ్యాపకుడి లిఖిత అంగీకారం
☐ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నమోదు
☐ ఇద్దరి సంతకాలతో నడిచే బ్యాంకు ఖాతా, ఆ ఖాతాకే కలిపిన క్యూఆర్ కోడ్
☐ తయారీలో పాల్గొనే వారందరి వైద్య ధ్రువపత్రాలు

2. చోటు, కరెంటు, నీళ్లు

తరగతి గదులకూ గ్రంథాలయానికీ మధ్య దారిలో ఉన్న చిన్న గది, ఆవరణ చివర ఉన్న పెద్ద గది కంటే మేలు. విరామం పావుగంటే ఉంటుంది. పోయి రావడానికే అది చాలకపోతే ఎవరు వస్తారు?

అమ్మాయిలు నిస్సంకోచంగా వచ్చి కూర్చోగలిగే చోటా కాదా అన్నది వారినే అడిగి తెలుసుకోండి. దారిలో దీపాలు, హాస్టల్‌కు చేరుకోవాల్సిన వేళ రెండూ చూడాలి. చాలా కళాశాలల్లో అమ్మాయిల హాస్టల్ గేటు సాయంత్రమే మూసేస్తారు. రాత్రి ఎనిమిదింటికి తెరిచే కాఫీహౌస్ సగం మంది విద్యార్థులకు లేనట్టే. సాయంత్రం నాలుగు నుంచి ఆరు వరకు తెరిస్తే అందరిదీ అవుతుంది.

పొయ్యి విషయంలో నా సలహా ఇండక్షన్. తరగతి భవనాల్లో గ్యాసు సిలిండరుకు అనుమతి దొరకడం కష్టం. దొరికినా 14.2 కిలోల ఇంటి సిలిండరు వాడకూడదు, 19 కిలోల వాణిజ్య సిలిండరే వాడాలి. దాన్ని గాలి ఆడే చోట నిటారుగా ఉంచాలి, పక్కనే మంటలార్పే సాధనం ఉండాలి.

ఇండక్షన్‌కు కరెంటు లెక్క చూసుకోండి. 16 ఆంపియర్ల ప్లగ్గు సుమారు 3,600 వాట్ల దాకా మోయగలదు. 2,000 వాట్ల ఇండక్షన్ పొయ్యి, 2,000 వాట్ల నీళ్ల కెటిల్ ఒకే ప్లగ్గు మీద నడిపితే ఫ్యూజు పోతుంది, లేదా తీగ వేడెక్కుతుంది. రెండు వేర్వేరు లైన్లు కావాలని కళాశాల ఎలక్ట్రీషియన్‌ను ముందే అడగండి. పొడిగింపు తీగలతో సర్దుకోవద్దు.

తాగునీటి కుళాయి, గిన్నెలు కడిగే తొట్టి, మురుగునీరు పోయే దారి లేని గదిని ఎంత ఉచితంగా ఇచ్చినా తీసుకోకండి.

3. కప్పు ఖర్చు కట్టండి, ఆ తర్వాతే ధర చెప్పండి

కింది ధరలు లెక్క చూపడానికి వేసుకున్నవి. మీ ఊరి ధరలు పెట్టి మళ్లీ వేసుకోండి.

110 మిల్లీలీటర్ల కప్పుకు:

• కాఫీ పొడి 10 గ్రాములు (కిలో 700 రూపాయలైతే): 7.00
• పాలు 80 మిల్లీలీటర్లు (లీటరు 60 అయితే): 4.80
• పంచదార 8 గ్రాములు (కిలో 45 అయితే): 0.36
• కాగితపు కప్పు: 0.80
• కరెంటు లేదా గ్యాసు: 0.60

మొత్తం 13.56. ఒలికేవి, విరిగేవి, రుచి చూసేవి కలిపి పది శాతం వృథా వేసుకుంటే దాదాపు 15 రూపాయలు. ఆ పది శాతం వేయని లెక్క కాగితం మీద లాభం చూపిస్తుంది, గల్లాపెట్టెలో చూపించదు.

20 రూపాయలకు అమ్మితే కప్పుకు 5 రూపాయలు మిగులుతాయి. షిఫ్టు చేసేవారి భత్యం, గది అద్దె, మరమ్మతులు కలిపి నెలకు 12,000 ఖర్చనుకుందాం. అవి రాబట్టడానికి 2,400 కప్పులు అమ్మాలి. 24 పనిదినాలకు రోజుకు 100 కప్పులు. ఆ 100 నిజంగా అమ్ముడుపోతాయా అన్నది పెట్టుబడి పెట్టకముందే తెలుసుకోవాలి. అద్దెకు తెచ్చిన సామానుతో, అనుమతి తీసుకుని, ఒక వారం బల్ల వేసి అమ్మి చూడండి. స్నేహితులు వేసే మెచ్చుకోలు ఓట్ల కంటే ఆ వారం అమ్మకమే నమ్మదగింది.

స్టీలు గ్లాసులు పెడితే 2,400 కప్పులకు నెలకు 1,920 రూపాయలు మిగులుతాయి. కడిగే మనిషి, వేడినీళ్లు ఉంటే స్టీలే వాడండి. ప్లాస్టిక్ కప్పులు, స్ట్రాలు, కలిపే ప్లాస్టిక్ పుల్లలు 2022 జూలై 1 నుంచి దేశమంతటా నిషిద్ధం.

మొదటి సెమిస్టరులో అమ్మాల్సినవి మూడే: ఫిల్టర్ కాఫీ, టీ, వేడిపాలు. సీసాలో ఉస్మానియా బిస్కెట్లు, పల్లీ చిక్కీలు పెట్టుకోవచ్చు. శాండ్‌విచ్‌లు, నూడుల్స్ అడిగేవారు మొదటి రోజు నుంచే ఉంటారు. ఒప్పుకోకండి. వండే పదార్థం ఒక్కటి చేరినా శుభ్రత, నిల్వ, వ్యవధి అన్నీ మారిపోతాయి.

4. డికాక్షన్: ఇక్కడ తొందరపడకండి

ముందు పొడి. కాఫీ గింజల్లో ముఖ్యమైన రకాలు రెండు: అరబికాతో సువాసన వస్తుంది, రోబస్టాతో చిక్కదనం వస్తుంది. పాలు ఎక్కువగా పోసే మన కాఫీకి రెండూ కలిపిన మిశ్రమం నప్పుతుంది. కాఫీలో కలిపే వేరు పొడి చికోరీ వాటా 20 నుంచి 30 శాతం మధ్య ఉంటే డికాక్షన్‌కు రంగు, మందం వస్తాయి. ప్యాకెట్ మీద ఆ నిష్పత్తి ముద్రించి ఉంటుంది, చదివి కొనండి. 49 శాతం చికోరీ ఉన్న పొడిని కూడా అమ్ముతారు. ధర చూసి మోసపోవద్దు.

అరకు అరబికాకు 2019లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. విశాఖపట్నం కేంద్రంగా పనిచేసే గిరిజన సహకార సంస్థ గిరిజన రైతుల దగ్గర కాఫీ కొని, పొడి చేసి అమ్ముతుంది. మీ మిశ్రమంలో కొంతభాగం అక్కడినుంచి తెప్పించుకుంటే ఆ సంగతి బోర్డు మీద రాయండి. తాగే కాఫీ ఏ కొండల మీద పండిందో విద్యార్థులకు తెలియాలి.

పొడి వారానికి సరిపడా మాత్రమే కొనండి. నెలకు సరిపడా కొంటే కాస్త చవక పడుతుంది, కానీ మూడో వారానికి వాసన పోతుంది.

50 కప్పుల డికాక్షన్‌కు కొలతలు: పొడి 500 గ్రాములు, నీళ్లు రెండున్నర లీటర్లు. పొడి సుమారు లీటరు నీళ్లు పీల్చుకుంటుంది కాబట్టి చేతికొచ్చేది లీటరున్నర. కప్పుకు 30 మిల్లీలీటర్లు.

వరస ఇది:

1. ఫిల్టర్ పై గిన్నె పూర్తిగా పొడిగా ఉండాలి. తడి ఉంటే రంధ్రాల దగ్గర పొడి ముద్దకడుతుంది.
2. పొడి వేసి సమంగా పరచండి. చిల్లుల పళ్లెంతో తేలిగ్గా అదమండి. గట్టిగా నొక్కవద్దు.
3. నీళ్లు మరిగాక పొయ్యి మీదనుంచి దించి ఒక నిమిషం ఆగండి.
4. పొడి తడిసేంత నీళ్లు ముందు పోసి మరో నిమిషం ఆగండి. పొడి ఉబ్బుతుంది.
5. మిగతా నీళ్లు గుండ్రంగా, నెమ్మదిగా పోసి మూత పెట్టండి.
6. పెద్ద ఫిల్టర్‌కు ముప్పావుగంట ఇవ్వండి. తట్టడం, కదపడం వద్దు.

అంటే పది గంటల విరామానికి కాఫీ కావాలంటే తొమ్మిదింటికే నీళ్లు పోయాలి. గోడ మీద వేళ రాసి అంటించండి.

తప్పులు, దిద్దుబాట్లు:

చుక్కలు పడటం ఆగిపోతే పొడి మరీ మెత్తగా ఉండవచ్చు, లేదా గట్టిగా అదిమి ఉంటారు. చెంచాతో పై పొరను మాత్రం మెల్లగా కదిలించండి. రెండు రోజులు వరసగా ఇలాగే అయితే పొడి మరపట్టే వారికి కాస్త బరకగా ఆడమని చెప్పండి.

నీళ్లు పది నిమిషాల్లోనే దిగిపోయి డికాక్షన్ పలచగా ఉంటే అదమడం తక్కువైంది. ఆ డికాక్షన్‌ను మళ్లీ అదే పొడి మీద పోయడం చాలామంది చేస్తారు. చేదు వస్తుంది తప్ప చిక్కదనం రాదు. దానికి కొత్త పొడితో చేసిన చిక్కటి డికాక్షన్ కలిపి వాడుకోండి.

డికాక్షన్‌ను నేరుగా మంట మీద వేడి చేయకండి. వేడినీళ్ల గిన్నెలో డికాక్షన్ గిన్నె పెట్టి వెచ్చగా ఉంచండి. పొద్దున తీసినదాన్ని సాయంత్రానికి వాడవద్దు. సాయంత్రానికి మళ్లీ తీయాలి.

5. పాలు

ఆరు శాతం వెన్న ఉన్న ఫుల్ క్రీమ్ పాలతో కాఫీ రుచిగా ఉంటుంది, మూడు శాతం ఉన్న టోన్డ్ పాలతో చవకగా ఉంటుంది. టోన్డ్ పాలు వాడితే నీళ్లు చుక్క కూడా కలపకండి. ఫుల్ క్రీమ్ అయితే పది శాతం నీళ్లు కలిపినా చిక్కదనం నిలుస్తుంది.

ప్యాకెట్లు ఫ్రిజ్‌లోనే ఉండాలి. ఏప్రిల్ ఎండల్లో బల్ల మీద రెండు గంటలు ఉంచిన పాలు కాచేటప్పుడు విరగవచ్చు. అలాంటి పాలను సోడా వేసి నిలబెట్టే అలవాటు కొన్నిచోట్ల ఉంది. మీ దగ్గర అది ఎప్పుడూ జరగకూడదు, పారబోయండి.

అన్ని పాలూ ఒకేసారి కాచి రోజంతా మరిగించకండి. మీగడ కట్టి, మాడువాసన వస్తుంది. రెండేసి లీటర్లు కాచుకోండి, దాంతో 25 కప్పులు వస్తాయి. అవి సగమయ్యేసరికి రెండో గిన్నె పొయ్యి మీద ఉండాలి.

6. విరామం పావుగంటే

వరసలో నిలబడ్డ యాభైమందికి పావుగంటలో కాఫీ అందాలంటే నలుగురు మనుషులు, నాలుగు పనులు కావాలి. డబ్బు తీసుకుని టోకెన్ ఇచ్చేవారు ఒకరు, గ్లాసుల్లో పంచదార, డికాక్షన్ పోసేవారు ఒకరు, పాలు పోసి తిరగబోసి నురగ తెచ్చేవారు ఒకరు, అందించి ఖాళీ గ్లాసులు తీసేవారు ఒకరు. డబ్బు పట్టుకున్న చెయ్యి గ్లాసును ముట్టుకోకూడదు.

చెల్లింపు స్థలం, కాఫీ అందుకునే స్థలం వేరువేరుగా పెట్టండి. రెండూ ఒకేచోట ఉంటే వరస ముందుకు జరగదు. క్యూఆర్ చెల్లింపు వచ్చిందో లేదో చెప్పే సౌండ్ బాక్స్ పెట్టుకోండి, ఎదుటివారి ఫోను తెర చూసి టోకెన్ ఇవ్వవద్దు.

పంచదార లేని కాఫీ అడిగేవారికి వేరే రంగు టోకెన్ ఇస్తే గందరగోళం ఉండదు.

7. షిఫ్టు పట్టిక

ఒకే బ్రాంచి స్నేహితుల బృందంతో మొదలుపెట్టవద్దు. అందరికీ తరగతులు ఒకేసారి, ప్రయోగశాలలు ఒకేసారి, పరీక్షలూ ఒకేసారి. వేర్వేరు విభాగాలు, వేర్వేరు సంవత్సరాల నుంచి 16 నుంచి 20 మందిని తీసుకోండి. అందరి టైంటేబుళ్లు ఒక పెద్ద కాగితం మీద వేస్తే ఎవరికి ఎప్పుడు ఖాళీ ఉందో తెలిసిపోతుంది.

• విరామాల కోసం నలుగురు, మిగతా వేళల్లో ఇద్దరు.
• ఒక షిఫ్టు రెండు గంటలు మించవద్దు.
• కొత్తవారిని ఒంటరిగా వదలవద్దు. మొదటి ఐదు షిఫ్టులు పాతవారి పక్కనే.
• ప్రతి షిఫ్టుకు ఒక ప్రత్యామ్నాయం పేరు రాసి ఉండాలి.
• తరగతి ఎగ్గొట్టి షిఫ్టు చేయడం నిషేధం. హాజరు 75 శాతం కంటే తగ్గితే నష్టపోయేది ఆ విద్యార్థే, తర్వాత మాటపడేది కాఫీహౌస్.

పని చేసినవారికి డబ్బివ్వండి. సేవ పేరుతో ఊరికే చేయించుకుంటే ఇంటినుంచి డబ్బు వచ్చేవారే చివరికి మిగులుతారు. నెల ఖర్చుకు ఇబ్బంది పడుతున్న విద్యార్థులకు షిఫ్టుల్లో మొదటి ప్రాధాన్యం ఉండాలి. వారి పేర్లు ఎక్కడా చర్చకు రాకుండా అధ్యాపకుడే నిర్ణయిస్తే వారికి ఇబ్బంది ఉండదు. నా దృష్టిలో విద్యార్థులు కాఫీహౌస్ నడపడానికి ఇంతకంటే మంచి కారణం లేదు.

పరీక్షల పక్షంలో పూర్తి వేళలు నడపాలని పట్టుబట్టవద్దు. విరామం వేళ, సాయంత్రం రెండు గంటలు చాలు. ఆ పట్టిక పరీక్షలకు నెల ముందే గోడ మీద ఉండాలి.

8. డబ్బు

కిరాణా కొట్ల గోడ మీద "అరువు రేపు" అని ఊరికే రాయలేదు. స్నేహితుడికి ఒక్క కప్పు అరువిచ్చినా, కాదనలేక పదిమందికి ఇవ్వాల్సి వస్తుంది. దీనికి పరిష్కారం ముందస్తు కార్డు. పది కప్పుల డబ్బు ముందే తీసుకుని, పదకొండో కప్పు ఇవ్వండి. మీకు చేతిలో సొమ్ము ఉంటుంది, వారికి చిల్లర బాధ తప్పుతుంది. అయితే ఆ సొమ్ము అప్పటికి మీది కాదు, ఇంకా పోయాల్సిన కాఫీల బాకీ. లెక్కలో వేరుగా చూపండి.

రోజూ రాయాల్సినవి నాలుగే: మొదలుపెట్టినప్పటి నగదు, ముగించినప్పటి నగదు, క్యూఆర్ మొత్తం, వాడిన పాల ప్యాకెట్ల సంఖ్య. పాలను బట్టి అమ్మకం ఎంత ఉండాలో తెలుస్తుంది. 8 లీటర్లు వాడితే 100 కప్పుల డబ్బు రావాలి. 85 కప్పుల డబ్బే వచ్చిందంటే పాలు ఒలికాయా, కొలత పెరిగిందా, ఉచితంగా పోయాయా అన్నది ఆ రోజే అడగండి. వారం తర్వాత అడిగితే జవాబు దొరకదు, అనుమానం మిగులుతుంది.

నెల లెక్కను కౌంటరు పక్కనే అందరికీ కనిపించేలా అంటించండి. తాగేవారికీ తెలియాలి.

9. మూసేటప్పుడు

☐ ఫిల్టర్ విడదీసి, రంధ్రాలను బ్రష్‌తో తోమి, బోర్లించి ఆరబెట్టారా
☐ కాఫీ పిప్పిని తోట ఎరువుకు వేరుచేశారా, తొట్టిలో పోయలేదు కదా
☐ పాలు కాచిన గిన్నెలు వేడినీళ్లతో కడిగారా
☐ తుడిచే గుడ్డలు ఉతికి ఆరేశారా
☐ మిగిలిన డికాక్షన్, కాచిన పాలు పారబోశారా
☐ ఫ్రిజ్ తప్ప మిగతా ప్లగ్గులన్నీ తీశారా
☐ నగదు ఇద్దరు లెక్కపెట్టి ఇద్దరూ సంతకం చేశారా

గిన్నె కడగడం ఎప్పుడూ కొత్తవారి వంతే అన్న అలవాటు రాకుండా చూడండి. పట్టికలో పేరు వేయండి, అందరికీ వంతు వస్తుంది. పని వంతులో కులం, లింగం లెక్కలోకి రాకూడదన్నది నియమావళిలో మొదటి పేజీలోనే ఉండాలి.

10. అప్పగింత

అమెరికాలో జార్జ్‌టౌన్ విశ్వవిద్యాలయ విద్యార్థులు 1972లో మొదలుపెట్టిన ద కార్ప్ అనే సంస్థ ఆ ఆవరణలో ఇప్పటికీ కాఫీ దుకాణాలు నడుపుతోంది. అక్కడా విద్యార్థులు నాలుగేళ్లకు వెళ్లిపోయేవారే. మనుషులు మారినా పని సాగాలంటే అప్పగింతను ఆఖరి రోజు వేడుకగా కాక, ఒక సెమిస్టరు పనిగా చూడాలి.

సంక్రాంతి సెలవులు కాగానే వచ్చే ఏడాది బృందాన్ని ఎంచుకోండి. ఫిబ్రవరిలో కొత్తవారు పాతవారి పక్కన ఉండి నేర్చుకోవాలి. మార్చిలో కొత్తవారు నడపాలి, పాతవారు పక్కన ఉండాలి. ఈ నెలలో తప్పులు జరుగుతాయి, వాటిని దిద్దేవారు ఇంకా ఆవరణలోనే ఉంటారు. ఆఖరి పరీక్షలకు ముందే సంతకాలు మార్చేయాలి.

ఒక గట్టి అట్ట పుస్తకంలో ఇవి చేత్తో రాసి ఉంచండి:

☐ పాలు, పొడి, పంచదార ఇచ్చేవారి నంబర్లు, వారికి ఇవ్వాల్సిన బాకీ
☐ పొడి నిష్పత్తి, డికాక్షన్ కొలతలు, ఎండాకాలంలో చేసిన మార్పులు
☐ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నమోదు సంఖ్య, వైద్య పత్రాలు ముగిసే తేదీలు
☐ ఏ నెలలో ఎన్ని కప్పులు అమ్ముడయ్యాయి, ఏ వారాల్లో పడిపోయాయి
☐ ముందస్తు కార్డుల్లో ఇంకా పోయాల్సిన కప్పుల సంఖ్య
☐ పాడైన సామాను, బాగుచేసిన మనిషి నంబరు
☐ తాళాలు ఎన్ని, ఎవరి దగ్గర

వేసవి సెలవులకు మూసేముందు పొడి మొత్తం ఖర్చుచేయండి లేదా అసలు ధరకు అమ్మేయండి. ఫ్రిజ్ ఖాళీచేసి, తుడిచి, తలుపు కాస్త తెరిచి ఉంచండి. ఫిల్టర్‌లను పూర్తిగా ఆరబెట్టి కాగితంలో చుట్టండి. కళాశాల తెరిచే రోజుకు రెండు రోజుల ముందు కొత్త బృందంలో ఇద్దరు వచ్చి, నీళ్లు, కరెంటు చూసుకుని, పాలవారికి ఫోను చేసి, ఒక చిన్న ఫిల్టర్ వేసి రుచి చూడాలి. ఆ ఇద్దరి పేర్లు సెలవులకు ముందే పుస్తకంలో రాసి పెట్టండి.